వాయిదాలో మార్పు లేదు

నాకు అన్నింటికన్నా ఎక్కువ భయం ఏమిటంటే, మా ఇంటి లోను నా బిడ్డకు వారసత్వంగా వస్తుందేమోనని. తేలంటే భయం లేదు. ఉరుమంటే లేదు. మా అత్తంటే మొదటి రెండేళ్లు ఉండేది, తర్వాత అలవాటైంది. లోనుకు మాత్రం అలవాటు పడలేకపోతున్నాను.

సృష్టిలో పుట్టిన ప్రతిదానికీ రోజులు తరుగుతాయి. ఈ నియమాన్ని జయించినది ఒక్క గృహరుణమే. మాది పుట్టినప్పుడు దాని ఆయుష్షు ఇరవై ఏళ్లన్నారు. నాలుగేళ్లు కట్టాం. కట్టాక చూస్తే దానికి ఇంకా ఇరవై ఏడేళ్లు మిగిలి ఉన్నాయి. (తప్పు చదివామనుకుంటే మళ్లీ చదవండి. నేనూ రెండుసార్లు చదివాను.) మా ఇంట్లో అందరికీ ఏదో ఒక జబ్బుంది. అత్తకు షుగరు, మా ఆయనకు నడుం నొప్పి, నాకు గుండెదడ, బిడ్డకు ఎప్పుడూ జలుబు. లోనుకు ఏ జబ్బూ లేదు. ప్రతి ఐదో తారీఖున కడుపునిండా తింటుంది, హాయిగా అరిగించుకుంటుంది, ఇంకా నాలుగు కాలాలు బతకడానికి సిద్ధమవుతుంది.

నా పేరు జ్యోతి. సిరిసిల్ల బి.వై. నగర్‌లో ఉంటాం. నేను బీడీలు చుడతాను, మా ఆయన జగదీశ్ సాంచాలు నడుపుతాడు (మరమగ్గాలను మా ఊళ్లో అలా అంటాం). ఎనిమిదో తరగతిలో చక్రవడ్డీ పాఠం మొదలయ్యే ముందు వారం నన్ను బడి మాన్పించారు. ఆ పాఠం ఇప్పుడు లోను కంపెనీ వారు ఇంటికే వచ్చి చెబుతున్నారు. ఫీజే కాస్త ఎక్కువ. కంపెనీ పేరు రాయను. పేరు వాడుకున్నందుకు కూడా ఏదైనా చార్జీ ఉంటే నేను కట్టలేను.

రెండు గదుల స్లాబు ఇంటి కోసం ఎనిమిది లక్షలు తీసుకున్నాం. నెలకు ఎనిమిది వేలకు పదమూడు రూపాయలు తక్కువ. అప్పట్లో మా వాడలో అప్పుకు నెలకు నూటికి రెండు రూపాయల మిత్తి, అంటే వడ్డీ, నడుస్తోంది. కంపెనీ వారు తొంభై పైసల లోపే అన్నారు. మా అత్త రుక్కమ్మకు అది మిత్తిలా కాక కట్నంలా వినిపించింది. ఆమె ముప్పై ఏళ్లుగా చిట్టీలు నడిపిన మనిషి. ఇరవై నెలల చిట్టీ ఎత్తుకున్నవాడు నాలుగు నెలలు కడితే మిగిలేది పదహారు. దేవుడొచ్చినా దాన్ని పదిహేడు చేయలేడు. లోను కూడా చిట్టీకి పెద్దన్న లాంటిదే అని ఆమె నమ్మింది, మేమూ నమ్మాం. అందుకే నాలుగేళ్లు గడిచాక ఇంటికొచ్చిన ప్రతి చుట్టానికీ ఆమె ఒకటే చెప్పేది.

"ఐపోయినట్టే బిడ్డా. ఇంక పదహారేండ్లే."

పోయిన దసరా ముందు కంపెనీ నుంచి ఒక మెసేజ్ వచ్చింది. "ప్రియమైన కస్టమర్, వడ్డీ రేటు సవరణ కారణంగా మీ కాలపరిమితి సముచితంగా సర్దుబాటు చేయబడింది. మీ నెలసరి వాయిదాలో ఎలాంటి మార్పు లేదు." మా ఆయన దాన్ని వాకిట్లో నిలబడి, వార్తలు చదివే మనిషిలా గట్టిగా చదివాడు.

"ఏందిరా లేనిది?" అంది అత్త.

"వాయిదల మార్పు లేదటనే. మిత్తి పెరిగిందట గని మనకైతే పెంచలేదట."

"గంత మంచోళ్లా? గా చిట్టీ సుశీల ఒక్కదినం లేటైతేనే ఇంటి ముంగట కూసుంటది."

"మరి గా కాలపరిమితి సర్దుబాటంటే ఏందో?" అన్నాను నేను.

"నీకన్ని అనుమానాలే. పెంచలేదని చెప్తుంటె మధ్యల పుల్ల వెడ్తవేంది?" అంటూ మా ఆయన చెప్పులు వేసుకున్నాడు. "ఆగు, కిలో చికెన్ తెస్త."

ఆ విధంగా మా లోనుకు పదకొండేళ్లు పెరిగిన శుభసందర్భాన్ని మేం చికెన్‌తో, నిమ్మకాయ పిండుకుని, ఇంటిల్లిపాదీ జరుపుకున్నాం. పక్కింటికి కూడా ఒక గిన్నె పంపాం.

పది రోజులకు ఇంకో మెసేజ్ వచ్చింది. "మీ కాలపరిమితి రుణగ్రహీతకు అరవై ఏళ్లు దాటి కొనసాగుతున్నందున, నిబంధన 22 ప్రకారం తగిన వయసు గల రక్తసంబంధీకులు ఒకరిని భావి సహ రుణగ్రహీతగా చేర్చి సహకరించగలరు." మా ఆయన వయసు ముప్పై ఆరు. పదహారేళ్లు కలిపితే యాభై రెండు కావాలి. అరవై ఎట్లా దాటిందో మా ఇంట్లో ఎవరికీ కూడిక కుదరలేదు. చికెన్ ప్రస్తావన ఎవరూ తేలేదు.

మర్నాడు నేను నాలుగేళ్ల నా బిడ్డ లహరిని చంకనేసుకుని సిరిసిల్ల బ్రాంచికి వెళ్లాను. మెడికల్ షాపు పైన ఉంటుంది. గోడ నిండా నవ్వుతున్న కుటుంబాల ఫొటోలు. (ఆ ఫొటోల్లో ఎవరికీ నాలుగో ఏడు గడిచినట్టు లేదు.) కౌంటర్‌లో నవనీత అనే అమ్మాయి ఉంది. మర్యాదస్తురాలు, లహరికి చాక్లెట్ కూడా ఇచ్చింది.

"మేడం, మా లోను ఎప్పుడైపోతది?"

"ఐపోవుడు మా దగ్గర కాదక్కా. మా దగ్గర మొదలువెట్టుడే."

"మరి ఐపోవుడు ఎక్కడ?"

"గది కోరుట్ల ఆఫీసోళ్లు చూస్తరు. కావాల్నంటే స్టేట్‌మెంట్ ఇస్త, ఇంట్ల చూసుకోండ్రి."

ఇచ్చింది. నాలుగేళ్లలో మేం కట్టింది మూడు లక్షల ఎనభై మూడు వేలు. అసలులో తగ్గింది యాభై ఎనిమిది వేల చిల్లర. ఇప్పుడు మిత్తి పెరిగింది కాబట్టి ఇకమీదట నెలకు మేం కట్టే ఎనిమిది వేలలో అసలుకు చేరేది రెండు వందల అరవై నాలుగు రూపాయలు. మిగతాదంతా మిత్తే.

బీడీలు చుట్టేవాళ్లకు ఇది కొత్త కాదు. మేం వెయ్యి బీడీలు చుట్టి తీసుకెళ్తే కార్ఖానా ఆయన కొన్నింటిని ఛాట్ అని, అంటే బాగా రాలేదని, పక్కన పడేస్తాడు. వాటికి కూలి రాదు. యాభై పడేస్తే మేం గొడవపడతాం, వంద పడేస్తే యూనియన్ వస్తుంది. ఈ కంపెనీ వారు వెయ్యిలో తొమ్మిది వందల అరవై ఏడు పక్కన పెట్టి, ముప్పై మూడే లెక్కలోకి తీసుకుంటున్నారు. పైగా మేం వెళ్లినప్పుడు ఏసీ వేస్తున్నారు.

"ఇగ రక్తసంబంధం కింద నా పేరు వెట్టుండ్రి. నాకు ఇరవై ఎనిమిదే" అన్నాను.

నవనీత కంప్యూటర్‌లో చూసి, బాధగా తల ఊపింది. నిబంధన 22, వివరణ 'ఇ' ప్రకారం భార్య రక్తసంబంధం కిందికి రాదట. (ఈ సంగతి మా అత్త పెళ్లయిన మొదటి వారమే చెప్పింది, నేనే పట్టించుకోలేదు.)

"మీకు పాప ఉన్నది కదక్కా. ఎన్నేండ్లు?"

"నాలుగు."

"సూపరక్కా. నాలుగంటే మస్తు మంచి వయసు. అరవైకి ఇంకా యాభై ఆరేండ్లు టైముంటది. గింత మంచి ప్రొఫైలు మాకు దొరుకదు."

లహరిని ఎవరైనా మెచ్చుకోవడం నాకు ఇష్టమే. ఆ రోజు మాత్రం బిడ్డను ఎత్తుకుని మెట్లు గబగబా దిగాను. ఇంటికెళ్లి స్టేట్‌మెంట్ మా అత్తకు చదివి వినిపిస్తే, ఆమె పక్కనున్న మా గోడనే ఎవరి ఇంటి గోడనో చూసినట్టు చూసింది.

"గయితే నాలుగేండ్లు కట్టింది ఏడికి పోయినట్టు?"

"మిత్తికి."

"యాభై ఎనిమిది వేలంటే... బాత్రూమన్న మనదైందా?"

"ఐంది. తలుపు మాత్రం కాలేదు" అన్నాడు మా ఆయన.

మా ఆయన ఇలాంటివాటికి నవ్వుతాడు. ఆ రోజూ నవ్వాడు. తర్వాత లహరిని ఒళ్లో కూర్చోబెట్టుకుని, దాని వేళ్లు ఒక్కొక్కటీ లెక్కపెట్టి, "దీని పేరైతే ఎక్కద్దు జ్యోతీ. ఏమన్న చెయ్యి" అన్నాడు. ఆయన షిఫ్టు వదిలి వస్తే ఆ రోజు కూలి పోతుంది. కాబట్టి ఏమన్న చేయడం నా వంతైంది.

లహరిని వెంటబెట్టుకుని కోరుట్ల వెళ్లాను. వేములవాడ దాకా ఒక బస్సు, అక్కడి నుంచి చందుర్తి మీదుగా ఇంకో బస్సు. ఆధార్ కార్డు చూపిస్తే కండక్టరు జీరో టికెట్ కొట్టి ఇచ్చాడు. ఈ వ్యవహారం మొత్తంలో మిత్తి పడని కాగితం అదొక్కటే, అందుకని బ్యాగులో దాచుకున్నాను.

కోరుట్ల ఆఫీసు బయట "కాలపరిమితి ఓదార్పు విభాగం" అని బోర్డుంది. లోపల శ్రవణ్ అనే అబ్బాయి, టై కట్టుకుని, చావు కబురు చెప్పే డాక్టరులా మెత్తగా మాట్లాడాడు. ముందు నన్ను కుర్చీలో కూర్చోమన్నాడు. నీళ్ల గ్లాసు తెప్పించాడు. మొత్తం ఎంతవుతుందో చెప్పేముందు కస్టమర్ కూర్చుని ఉండాలనీ, నీళ్లు చేతికందే దూరంలో ఉండాలనీ వాళ్లకు సర్క్యులర్ ఉందట. ముందు చెప్పి తర్వాత నీళ్లిచ్చిన ఒక ఉద్యోగిని మెట్‌పల్లికి బదిలీ చేశారట.

"మొత్తం ఎంతైతది తమ్మీ?"

"తాగుండ్రక్కా ముందు."

తాగాను.

"ముప్పై లక్షలు."

"ఎనిమిది లక్షల ఇల్లు గదా?"

"ఇల్లు ఎనిమిదేనక్కా. ఇంటికి మేం ఒక్క రూపాయి ఎక్కువ తీసుకుంటలేం. మిగిలిన ఇరవై రెండు టైముది."

"మేము టైము కొనలేదు గదా. ఇల్లే కొన్నం."

"రెండు కలిసే వస్తయక్కా." అతను ఇంకొంచెం మెత్తబడ్డాడు. "అసలు లోన్ అనుడు ఒక సంబంధం లెక్క. సంబంధం ఎప్పుడు తెగుతదని ఎవరన్న అడుగుతరా?"

"పిల్లనిచ్చేటప్పుడు మా దగ్గర అన్నీ అడుగుతరు" అన్నాను.

ఇలా నేను ఓదార్పు పొందుతున్న సమయంలో ఒక పొరపాటు జరిగింది. లహరికి అంగన్‌వాడీలో ఆ నెలే తన పేరులో మొదటి అక్షరం నేర్పారు. అప్పటి నుంచి అది పెన్ను కనిపిస్తే చాలు, కరెంటు బిల్లు మీదా, గోడ మీదా, మా అత్త చేతి మీదా 'ల' రాస్తోంది. టేబుల్ మీద గులాబీ రంగు ఫారం, దాని మీద పెన్ను, ఎదురుగా నా బిడ్డ. నేను తిరిగి చూసేసరికి "భావి సహ రుణగ్రహీత సంతకం" అన్న గడిలో, గడి దాటకుండా, చక్కటి 'ల' ఉంది. అది ఇంతవరకు అంత కుదురుగా ఎక్కడా రాయలేదు.

"అమ్మా, మంచిగున్నదా?" అంది.

శ్రవణ్ ఆ ఫారం ఎత్తి, వెలుతురుకు పట్టుకుని చూశాడు. "పాప మస్తు హుషారున్నదక్కా."

"అది సంతకం కాదు. చింపెయ్యి తమ్మీ."

"చింపుడు మా పవర్స్‌ల లేదక్కా. మొదటి అక్షరం పడ్డదంటే దరఖాస్తు అందినట్టే. మిగిలిన అక్షరాలు వచ్చినంక నింపుకోవచ్చని రూలున్నది."

నేను చెయ్యి చాపేలోపే ఫారం ఒక సంచిలో పడింది. సంచి బైకెక్కి జగిత్యాలకు వెళ్లిపోయింది. అక్షరం నేర్పినందుకు అంగన్‌వాడీ టీచరమ్మను నేనేమీ అనను. నా బడి ఆగిపోయినందుకు నేను ఎంత ఏడ్చానో నాకు గుర్తుంది. కానీ కోరుట్ల బస్టాండులో నిలబడి, నా బిడ్డ చదువు ఇంకో వారం ఆలస్యంగా మొదలైనా బాగుండేదని అనుకున్నాను. అలా అనుకున్నందుకు దాని నెత్తి మీద చెయ్యి వేసి నిమిరాను. దానికి అర్థం కాక, ఐస్‌క్రీం అడిగింది.

ఆ సంచి వెనకే మేమూ జగిత్యాల బస్సెక్కాం. అక్కడ ఆఫీసు మూడో అంతస్తు. లిఫ్టు ఉంది, కొత్త లోనుల వాళ్లకు. అక్కడ "వాస్తవాల విభాగం" అని చిన్న బోర్డు, తలుపు వెనక వైపు తగిలించారు. ఏరియా అధికారి మధుకర్ సార్ టిఫిన్ డబ్బా మూత పెట్టి నన్ను లోపలికి పిలిచారు. మంచి మనిషి. ఇది నేను వెటకారంగా రాయడం లేదు. అడిగినదానికి అడిగినట్టు చెప్పారు.

"సార్, పాత లెక్కనే పదహారేండ్లల్ల ఐపోవాలంటె ఏం చెయ్యాలె?"

ఆయన ఆశ్చర్యంగా చూసి, కంప్యూటర్‌లో ఏవో మీటలు నొక్కారు. "నెలకు ఇంకో తొమ్మిది వందల అరవై కట్టుకోవాలమ్మా."

"తొమ్మిది వేలా?"

"తొమ్మిది వందల అరవై."

"గంతేనా? పదకొండేండ్లు తగ్గుతయా?"

"తగ్గుతయి. తొమ్మిది లక్షలు సుత మిగుల్తయి."

లహరి ఆయన పేపర్‌వెయిట్‌ను బల్ల మీద దొర్లిస్తోంది. పదకొండేళ్లు, తొమ్మిది లక్షలు, నా బిడ్డ పేరు. ఇవన్నీ నెలకు ఒక గ్యాసు బండ కంటే కొంచెం ఎక్కువ దూరంలో ఉన్నాయని మాకు ఎవరూ చెప్పలేదు. మేమేమో పెంచలేదని చికెన్ వండుకున్నాం.

"గిది మెసేజ్‌ల ఎందుకు రాయలేదు సార్?"

"మెసేజ్‌ల అక్షరాలకు లిమిట్ ఉంటదమ్మా. 'మార్పు లేదు' అన్నది చిన్నగున్నది, పట్టింది."

"అడిగితే చెప్పేదా?"

"తప్పకుండ. మేం దాచిపెట్టుడు ఏముండది. అడిగిన ప్రతి ఒక్కరికి చెప్తం."

"ఎంతమంది అడిగిండ్రు?"

"మీతోని ఇద్దరు." ఆయన ఆలోచించారు. "మొదటాయన బాత్రూం ఎటని అడిగిండు."

వాయిదా పెంచుకోవడానికి ఒక దరఖాస్తు ఉంది. దాని పేరు ఉపకార నిరాకరణ పత్రం. పెంచకుండా ఉండి కంపెనీ మాకు చేసిన ఉపకారాన్ని మేం వద్దంటున్నాం కాబట్టి, దానికి కొంత రుసుము. పెంచినందుకు కాదు, నొచ్చుకున్నందుకు. కట్టాను. ఇక మిగిలింది గులాబీ రంగు ఫారం. అది ఆయన బల్ల మీదే ఉంది. బైకు మాకంటే ముందే చేరింది.

"గది రద్దు చెయ్యుండ్రి సార్. పసిపిల్ల."

"సిస్టంల రద్దు అనే ఆప్షన్ లేదమ్మా. నిద్ర అని ఉన్నది." ఆయన నా మొహం చూసి మెల్లగా చెప్పారు. "నిద్రల వెడ్త. మీరు పెంచిన వాయిదా నెలనెలా తప్పకుండ కడితే అది లేవది. పదహారేండ్లల్ల లోన్‌తోని పాటు అదే పోతది."

"ఒక్క నెల తప్పితే?"

"లేస్తదమ్మా."

నా కళ్ల ముందే మీట నొక్కారు. నా బిడ్డ రాసిన 'ల' మీద "నిద్ర" అని స్టాంపు పడింది. లహరి దాన్ని చూసి, చప్పుడు చేయొద్దన్నట్టు నోటి మీద వేలు పెట్టుకుంది.

ఇంటికొచ్చి చెబితే మా అత్త మొదట కంపెనీని తిట్టింది, తర్వాత చిట్టీ సుశీలను పొగిడింది. ఒక్కరోజు ఆలస్యమైతే ఇంటిముందు కూర్చునే మనిషే మేలని, మెసేజ్ పెట్టి ఊరుకునేవాళ్లే ప్రమాదమని వాడకట్టంతా తిరిగి చెప్పింది. ఇప్పుడు మా వీధిలో ఎవరికైనా "మార్పు లేదు" అని మెసేజ్ వస్తే ముందు రుక్కమ్మకు చూపిస్తున్నారు. ఆమెకు చదవడం రాదు. అయినా ఫోను అటూ ఇటూ తిప్పి, "ఎంత అని అడగకుర్రి. ఎప్పటిదాకా అని అడుగుర్రి" అని పంపిస్తోంది. కంపెనీ వారు పెట్టని విభాగం అది, మా వాకిట్లో నడుస్తోంది.

తొమ్మిది వందల అరవై నేను సంపాదిద్దామనుకున్నాను. కార్ఖానా ఆయన నెలకు పన్నెండు రోజులకే ఆకు ఇస్తున్నాడు. ఆకు లేకుండా బీడీ చుట్టే పద్ధతి ఇంకా రాలేదు. అందుకని మా ఆయన ఆసామిని, అంటే సాంచాల యజమానిని, అడిగి ఇంకో రెండు సాంచాలు తీసుకున్నాడు. ఇదివరకు ఆరు చూసేవాడు, ఇప్పుడు ఎనిమిది.

"నడుము సంగతేంది?" అన్నాను.

"ఆరింటి చుట్టు తిరిగెటోనికి ఎనిమిదైతే ఏందే. నాలుగడుగులు ఎక్కువ."

"గవి నాలుగే అడుగులా?"

"మార్పు లేదనుకో" అని నవ్వాడు.

మొదటి నెల కట్టాం. రెండో నెల కట్టాం. మూడో నెల కట్టిన రోజు అన్నం కలుపుతూ కలుపుతూ, ముద్ద చేతిలోనే పెట్టుకుని, గోడకు ఆనకుండా కూర్చున్నచోటే నిద్రపోయాడు. లహరి "బాపూ, బువ్వ" అని మోకాలు తట్టింది. లేచి, ఏమీ జరగనట్టు ముద్ద దాని నోట్లో పెట్టాడు. పప్పు బాగుందని నాతో అన్నాడు. ఆ రోజు వండింది పప్పు కాదు.

ఇక మీకు ఒక విన్నపం. మీరు పగటిపూట బి.వై. నగర్ వైపు వస్తే, నీళ్ల ట్యాంకు దాటాక ఎడమ పక్కన నీలం షట్టరు ఉన్న రేకుల షెడ్డు కనిపిస్తుంది. చప్పుడు వినిపిస్తోంది కదా అని వెళ్లిపోకండి. మనిషి కళ్లు మూసినా సాంచాలు నడుస్తూనే ఉంటాయి, పోగు తెగేదాకా ఆగవు. కాస్త లోపలికి తొంగి చూడండి. ఎనిమిది సాంచాల మధ్య సన్నగా, పొడుగ్గా ఒకాయన ఉంటాడు. నడుస్తుంటే పలకరించి వెళ్లండి. నిలబడి నిద్రపోతుంటే మాత్రం దగ్గరికెళ్లి పేరు పెట్టి మెల్లగా పిలవండి. పట్టుకుని కుదపకండి, రెండు పక్కలా బెల్టులు తిరుగుతుంటాయి. నేను పంపానని చెప్పకండి. నీళ్లు తాగించి ఐదు నిమిషాలు కూర్చోబెట్టండి. కంపెనీకి ఆయన ఇంకా పదహారేళ్లు కావాలి. మాకైతే, వీలైతే, ఒక రెండేళ్లు ఎక్కువ.